ఆస్రా ఆఖరి మ్యాచ్

గుంటూరులో ఆస్రా ఆడుతున్న ఆ బాస్కెట్‌బాల్ ఫైనలే ఆమెకు ఆఖరిది. మోకాలు పాడైంది, ఇక ఆడకూడదని డాక్టర్ చెప్పేశాడు. మ్యాచ్ టీవీలో రాదు. కొండపల్లిలో బొమ్మలు చేసే ఆమె తండ్రి కాశిం వారం ముందే ఫోన్‌లో లైవ్ లింకు వెతికి పెట్టుకున్నాడు.

రెండు నిమిషాల ఆట ఉందనగా టైమౌట్ ఇచ్చారు. ఊరికే కూర్చోలేక కాశిం ఒక బొమ్మకు చెయ్యి అతికించాడు. అంతలో లైవ్ ఆగిపోయింది. రంపపు పొట్టు, చింతగింజల జిగురు కలిపిన మక్కు వేళ్లకు అంటుకుని ఉంది. ఎంత నొక్కినా ఫోన్ పలకలేదు.

బిందెతో వచ్చిన భార్య బేగం బీ గబగబా అతని చేతుల మీద నీళ్లు పోసింది. "ఒక్క నిమిషం ఆ చేతులు ఊరుకుంటే కొండపల్లి కోట కూలిపోద్దా?"

కడుక్కుని తెరిచేసరికి అమ్మాయిలు కప్పు పట్టుకుని గెంతుతున్నారు. కాసేపటికి ఆస్రా ఫోన్ చేసింది.

"నాన్నా, చివరి బాస్కెట్ నేనే వేశా! చూశావా?"

"చూశానమ్మా. ఎలా వేశావో నువ్వు చెప్పు, వింటా."