మోచేతి మడతలో ఒక చుక్క

మొన్న ఆదివారం దుండిగల్‌లో మా అమ్మాయి ఇంటికి వెళ్లాను. మనవరాలికి తొమ్మిదో నెల. స్నానాల గదిలో కాళ్లు కడుక్కుందామని వెళ్తే గూటి నిండా పాప తాలూకు సీసాలు, ట్యూబులు. నిలబడి, కళ్లజోడు పైకి తోసుకుని ఒక్కొక్కటే తిప్పి వెనక వైపు చదవడం మొదలుపెట్టాను. ముందు వైపు ఎప్పుడూ బొద్దుగా నవ్వే పాప బొమ్మ ఉంటుంది. వెనక, అన్నిటికంటే అడుగున, చీమ తలకాయంత అక్షరాల్లో ఏది చేయకూడదో ఉంటుంది. ఆరో సీసా దగ్గరికి వచ్చేసరికి నడుము పట్టేసింది. "నాన్నా, లోపలికెళ్లి అరగంటైంది. ప్రూఫులు దిద్దుతున్నావా ఏంటి?" అంది అమ్మాయి బయట నుంచి. అవునన్నాను. ఏ కాగితం చేతికొచ్చినా అడుగు నుంచి పైకి చదవడం నాకు పాతికేళ్ల అలవాటు. అది నాకు ఉద్యోగం నేర్పింది కాదు. గౌడవెల్లి నుంచి మా ఇంటికి వచ్చిపోయిన ఒక అవ్వ వల్ల పట్టుకున్నది.

తొంభైల నడిమికి మేం కృష్ణా జిల్లా నుంచి వచ్చి మేడ్చల్ పక్కన ఒక కొత్త కాలనీలో చేరాం. పట్టుమని ముప్ఫై ఇళ్లుండేవి కావు. మిగతాదంతా రాళ్లు పాతిన ప్లాట్లు, ఎర్రమట్టి. బోరు నీళ్లు బకెట్ అంచున తెల్లగా పేరుకునేవి. తాగడానికి వారానికి రెండుసార్లు ట్యాంకరు వచ్చేది. నేను నగరంలో ఒక దినపత్రికలో ఇంటి విషయాల పేజీ చూసేవాడిని. వంటలు, పిల్లల పెంపకం, కుండీల్లో మొక్కలు, మోకాళ్ల నొప్పులు. పొద్దున రెండు బస్సులు మారి వెళ్లడం, సాయంత్రం రెండు బస్సులు మారి రావడం. ఇంటికి చేరేసరికి చొక్కా కాలరు మీద దుమ్ము, ఒంట్లో ఎవరో పిండేసినట్టు నీరసం. ఆ రోజుల గురించి తలుచుకుంటే ముందుగా గుర్తొచ్చేది ఆ అలసటే. తప్పు చేసినవాడు సాకు వెతుక్కుంటున్నాడని మీరు అనుకుంటే, అదీ నిజమే కావచ్చు.

మా అమ్మాయి పుట్టాక పాపకు నీళ్లు పోయడానికి అవ్వ కుదిరింది. కాలనీలో చంటిపిల్లలున్న ఐదారిళ్లకు ఆమే. పొద్దున్నే గౌడవెల్లి నుంచి నడిచి వచ్చేది. సన్నటి మనిషి, చేతులు మాత్రం వెడల్పు. మా అత్తగారు అప్పటికే ఊరి నుంచి డబ్బా నిండా సున్నిపిండి తెచ్చి సిద్ధంగా ఉన్నారు. బిడ్డ ఒంటి మీది నూగు పోవాలంటే పిండితో నలిచి నలిచి రుద్దాలని ఆవిడ పట్టు. మొదటి రోజే ఇద్దరికీ పడలేదు. అవ్వ పిండిని వేళ్ల మధ్య నలిపి చూసి పక్కన పెట్టేసింది. "గింత గరుకు పిండితోని తోముడేందమ్మా? పోరి ఏమన్న ఇత్తడి చెంబా? ఆ నూగు దానంతల అదే పోతది" అంది. "మా పిల్లలందరికీ ఇలాగే పోశాం, వాళ్లు పెరగలేదా?" అన్నారు అత్తగారు. "పెరిగిన్రు గని, పాపం ఎంత ఏడ్సిండ్రో వాళ్లనడుగు" అంది అవ్వ. నా భార్య నవ్వు ఆపుకోవడానికి వంటింట్లోకి వెళ్లిపోయింది. అత్తగారు రెండు రోజులు అలిగి, మూడో రోజు అవ్వకు కాఫీ ఇచ్చారు. సున్నిపిండి డబ్బా పెద్దవాళ్ల స్నానాలకు మళ్లింది.

అవ్వ పద్ధతిలో పెద్ద విద్యేమీ లేదు. నీళ్లు గోరువెచ్చగా ఉండాలి. వేళ్లకు వేడి తెలియదని మోచెయ్యి ముంచి చూసేది. స్నానం ఒక పాట పాడినంతసేపు కూడా ఉండేది కాదు. సబ్బు చంకల్లో, తొడల మడతల్లో మాత్రమే, అదీ రోజు విడిచి రోజు. తుడవడం కాదు, ఉతికి ఉతికి మెత్తబడిన పాత ధోవతి ముక్కతో అద్దడం. మెడ కింద, చెవుల వెనక, మోకాలి వెనక తడి లేకుండా చూసి, అరచేతిలో రెండు చుక్కల కొబ్బరినూనె వేసుకుని రాసేది. పొద్దెక్కాక బిడ్డను ఎండలోకి తేనిచ్చేది కాదు. ఇంకొకటి, అన్నిటికంటే ముఖ్యమైంది. ఎవరు ఏ కొత్త నూనె తెచ్చినా, ఏ కొత్త సబ్బు తెచ్చినా నేరుగా ఒంటికి తగలనిచ్చేది కాదు. బిడ్డ మోచేతి మడతలో ఒక్క చుక్క రాసి, "ఇయ్యాల సుక్క పెట్టినం. రేపు సూద్దాం" అనేది. రేపు అక్కడ ఎర్రబడితే ఆ సీసా ఎంత ఖరీదైనదైనా అటకెక్కేది.

వారానికోసారి పాత పేపర్లు కట్టగట్టి అవ్వకు ఇచ్చేవాళ్లం. ఆమెకు చదువు రాదు. కోడలు ఏడో తరగతి దాకా చదివి, ఒక ఫ్యాక్టరీలో పనికి వెళ్లేది. నా పేజీ ఏదో మా ఆవిడను అడిగి తెలుసుకుని, దాన్ని మాత్రం అవ్వ విడిగా మడిచి తీసుకెళ్లేది. "గిది మన పేపర్ సారు రాసేది" అని దారిలో కనిపించినవాళ్లకు చూపించేదట. నేను రాసేది కాదు అవ్వా, ఇంకొకళ్లు రాసింది సర్దేది అని చెప్పినా వినేది కాదు.

ఆ సర్దడం గురించి కొంచెం చెప్పాలి. పత్రికలో చేరిన మొదటి వారమే మాకు నేర్పేది ఇది: ముఖ్యమైనది పైన, తక్కువ ముఖ్యమైనది కింద. చోటు చాలకపోతే కింది నుంచి కొయ్యి. వార్త రాసేవాడికీ తెలుసు, కోసేవాడికీ తెలుసు, అందుకే ఎవరికీ నష్టం ఉండదు. కానీ నా పేజీకి రాసేవాళ్లు విలేకరులు కారు. డాక్టర్లు, టీచర్లు, గృహిణులు. వాళ్లు మామూలు మనుషుల్లాగే, చేయవలసింది ముందు చెప్పి, జాగ్రత్తలు చివర చెబుతారు. ఒక వేసవిలో నగరం నుంచి ఒక చర్మ వైద్యుడు ఎండకు నల్లబడిన ముఖం గురించి రాసి పంపారు. పెసరపిండిలో నిమ్మరసం, తేనె కలిపి రాసుకోవడం గురించి రెండు పేరాలు, చివర ఇంకో చిన్న పేరా. మధ్యాహ్నం మూడింటికి పేజీ అడుగున ఒక ప్రకటన వచ్చి పడింది. నాలుగింటికి పేజీ వెళ్లిపోవాలి. చివరి పేరా మీద ఎర్ర గీత కొట్టి కిందికి, అచ్చుకు పంపేశాను. ఆ పేరాలో ఏముందో చదివానా అంటే, చూశాను. చూడటం వేరు, చదవడం వేరు.

ఆ తరువాతి మంగళవారం అవ్వ వచ్చింది గాని కొంగు నడుముకు చుట్టలేదు. గుమ్మం దగ్గరే కూలబడింది. పక్కన నాలుగేళ్ల మనవరాలు. పిల్ల రెండు బుగ్గల మీదా, గడ్డం కిందా చారలు చారలుగా ఎర్రగా కమిలి, అక్కడక్కడా నీటిపొక్కులు. మా ఆవిడ చేతిలో గిన్నె అక్కడే పెట్టేసి, "ఏమైంది అవ్వా?" అంది. అవ్వ రొంటిన దోపిన కాగితం తీసింది. నా పేజీ ముక్క. "పోరి మొకం ఎండకు నల్లబడ్డదని నా కోడలు గీ నిమ్మకాయది రాసింది. 'అత్తమ్మా, ఓ సుక్క పెట్టి సూద్దామా' అని అడిగింది కూడ. నేనే వద్దన్న. పేపర్ల డాక్టరు రాసిండు, సారు అచ్చేసిండు, ఇంకేం సూసుడని అన్న. రాసినంక పోరి పొద్దుమూకెదాంక ఎండల ఆడింది." కాస్త ఆగి, "మంది పిల్లలకందరికి సుక్క పెట్టి సూసిన. నా పిల్లకు సూడకపోతి" అంది. ఏడవలేదు. కాగితాన్ని మాత్రం మళ్లీ మళ్లీ అవే మడతల మీద మడుస్తోంది.

ఆఫీసుకు సెలవు చెప్పి, ఇద్దరినీ పొరుగింట్లో అడిగి తెచ్చిన స్కూటరు మీద షామీర్‌పేట దారిలో ఉన్న పిల్లల డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్లాను. ఆవిడ పిల్ల గడ్డం పట్టుకుని వెలుతురుకు తిప్పి చూసి, "నిమ్మరసం పూసి ఎండలోకి పంపారా?" అంది. అంత సులువుగా తెలిసిపోయే విషయమన్నమాట. పొక్కులు గిల్లొద్దు, ఇంట్లోవి ఏవీ రాయొద్దు, చల్లటి నీళ్లతో మెత్తగా కడిగి అద్దండి, నేనిచ్చే మందు తప్ప ఇంకేదీ వద్దు, ఎండలోకి అసలే వద్దు అని చెప్పింది. మచ్చలు నల్లబడతాయి, పోవడానికి నెలలు పడుతుంది, భయపడొద్దు అంది. తరువాత, "చిన్నపిల్లలకు ఇవన్నీ ఎవరు రాయమంటారు మీకు?" అని అడిగింది. "పేపర్ల పడ్డదమ్మా" అంది అవ్వ. ఆమె నా వైపు చూడలేదు. నేను డాక్టరమ్మ వెనక గోడ మీదున్న ఎత్తు కొలిచే జిరాఫీ బొమ్మ వైపు చూస్తూ నిలబడ్డాను.

మర్నాడు ఆఫీసులో పాత కాపీలు గుచ్చే ఇనుప చువ్వ నుంచి ఆ డాక్టరు రాతప్రతి తీశాను. చివరి పేరా, దాని మీద నా ఎర్ర గీత. కింద స్పష్టంగా ఉంది: "పిల్లలకు ఇది వాడరాదు. పెద్దలు వాడినా బాగా కడుక్కోనిదే ఎండలోకి వెళ్లరాదు. వాడే ముందు చేతి మీద కొద్దిగా రాసి ఒక రోజు చూడాలి." అవ్వ మాటే, పుస్తకాల తెలుగులో. మా ఎడిటరు పెద్దాయనకు చూపించి సవరణ వేద్దామన్నాను. "వంటల పేజీకి సవరణేంటయ్యా" అన్నాడాయన. తరువాతి వారం బతిమాలి రెండు వాక్యాలు వేయించాను. అవి ముఖం తెల్లబరిచే క్రీము ప్రకటన కింద, సీసా వెనక ఉండేంత అక్షరాల్లో వచ్చాయి.

నాకు చెప్పడానికి సిగ్గుగా ఉన్నది తరువాతి సంగతి. పిల్ల బుగ్గల మీద చారలు నల్లబడ్డాయి. అవ్వ దాన్ని ఇంట్లో వదల్లేక వెంట తెచ్చుకునేది. కాలనీ ఆడవాళ్లు చూశారు. సొంత మనవరాలి ముఖమే ఇలా చేసుకుంది, మన పిల్లల్ని ఏం చేస్తుందోనని ఒకరు మానిపించారు, తరువాత ఇంకొకరు. పది రోజుల్లో అవ్వకు మా ఇల్లొక్కటే మిగిలింది. ఆమె ఎవరితోనూ వాదించలేదు. తప్పు తనదేనని నమ్మింది కాబట్టి వాదించడానికి ఏమీ లేదు. నేను రోజూ రాత్రిళ్లు కాళ్లు చాపుకుని, రేపు చెబుతాను అనుకునేవాడిని. రాతప్రతి నా సంచీలోనే ఉండేది, టిఫిను డబ్బా కింద. ఒకరోజు మా ఆవిడ డబ్బా కోసం చెయ్యి పెట్టి దాన్ని తీసింది. గీత చూసింది, నా ముఖం చూసింది. "ఇన్నాళ్లూ ఆవిడ పక్కన కూర్చుని కాఫీ ఎలా తాగారండీ?" అంది. అంతే.

మర్నాడు ట్యాంకరు వచ్చే రోజు. కాలనీ మొత్తం బిందెలతో లైనులో ఉంది. అవ్వ మా బిందె పట్టుకుని చివర నిలబడింది, పక్కన మనవరాలు. నేను కాగితం పట్టుకుని వెళ్లి, ఉపోద్ఘాతం లేకుండా, డాక్టరు రాసింది మొదటి నుంచి చివరిదాకా చదివాను. కోసేసిన పేరా చదివి, ఎర్ర గీత చూపించి, కొట్టింది నేను, అవ్వ తప్పేమీ లేదు అన్నాను. ట్యాంకరు పైపు చప్పుడులో సగం మందికి వినబడలేదేమోనని మళ్లీ చదివాను. పొరుగింటి బ్యాంకు ఉద్యోగి భార్య, "అయితే మా బుడ్డోడికి చెమటకాయలకి ఏం రాయాలో అదన్నా పూర్తిగా చెప్పండి, ఏ ముక్కా కొయ్యకుండా" అంది. నలుగురు నవ్వారు. నాకు నవ్వు రాలేదు. "నన్నడక్కండి, అవ్వనడగండి" అన్నాను.

అవ్వ బిందె కింద పెట్టింది. నన్ను తిడుతుందనుకున్నాను, తిట్టినా బాగుండును. కాగితం అడిగి తీసుకుని, చదవలేని ఆ అక్షరాల మీద, గీత వెంబడి వేలు నడిపించింది. "గీ ముక్క గింత అక్కరదైతే, పైన ఎయ్యరాదు సారూ? కింద ఎందుకు పెట్టిన్రు?" అంది. మాకు నేర్పింది కింది నుంచి కొయ్యడం, కింది దాన్ని పైకి ఎత్తడం కాదు. తరువాత ఆమె బ్యాంకాయన భార్య వైపు తిరిగింది. "చెమటకాయలకేం రాస్తవ్ బిడ్డా. ఆ నైలాన్ అంగీ ఇడ్సి పల్సటి నూలుది తొడుగు, రెండు పూటల నీళ్లు పొయ్యి, గాలి తగలనియ్యి. గయ్యే పోతయి. తగ్గకపోతే జల్దీ డాక్టరుకు సూపియ్యి."

మూడిళ్లవాళ్లు ఆమెను మళ్లీ పిలిచారు. రెండిళ్లవాళ్లు పిలవలేదు. చదివింది వాళ్లూ విన్నారు, కానీ కళ్లతో చూసిన మచ్చ చెవితో విన్న మాట కంటే ఎక్కువ కాలం నిలుస్తుందేమో. పిల్ల ముఖం మాత్రం దసరా నాటికి మామూలైపోయింది. ఆ తరువాత నా పేజీలో ఏ చిట్కా వచ్చినా "వద్దు" అన్న వాక్యం ఎత్తి మొదటి పేరాలో పెట్టేవాడిని. మా పెద్దాయన దాన్ని 'అపశకునం పేజీ' అని ఎగతాళి చేసేవాడు. పదవీ విరమణ దాకా ఆ పేరు పోలేదు. రెండువేల దశకంలో గౌడవెల్లి వైపు పొలాలు ప్లాట్లయ్యాయి, అవ్వ మోకాళ్లు అరిగాయి, చంటిపిల్లల తల్లులు సీసాలు కొనుక్కోవడం నేర్చారు. ఆమె రావడం ఏ రోజున మానేసిందో నాకు కచ్చితంగా గుర్తు లేదు. తేదీల మీద నడిచే పత్రికలో బతికినవాడికి అది చిన్న లోటు కాదు.

దుండిగల్‌లో ఆ ఆదివారం మనవరాలి మెడ మడతలో ఎర్రగా కనిపించింది. అమ్మాయి కొత్త ట్యూబు మూత తీసి, "ఇది రాయనా నాన్నా?" అంది. ట్యూబు తీసుకుని అడుగు నుంచి పైకి చదివాను. పిల్ల మోచేతి మడతలో మినపగింజంత రాసి, రేపు చూద్దాం అన్నాను. సాయంత్రం బయల్దేరవలసినవాడిని ఉండిపోయాను. ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ నాకు రేపు అనేది లేదు, నాలుగింటికి పేజీ వెళ్లిపోవాలి. తెల్లారి ఆ చిన్న చేతిని వెలుతురుకు తిప్పి చూశాను. ఎర్రబడలేదు. ఒక్క రోజు ఆగడం ఇంత తేలికని తెలియడానికి నాకు ఇన్నేళ్లు పట్టింది.