కరుణమ్మ నవ్వని షాట్

మొన్న చంద్రపూర్‌లో మా సంఘస్థురాలు ఒకామె చనిపోతే ప్రార్థనకు వెళ్లాను. భౌతికకాయం దగ్గర కూర్చోగానే పన్నీరు, తడి దూది కలిసిన వాసన తగిలింది. ప్రార్థన మధ్యలోనే కళ్లు తెరిచాను. ఆ వాసన వస్తే నాకు కరుణమ్మ కనిపిస్తుంది.

ఆమె మా తెలుగు ప్రార్థన మందిరం వెనక వీధిలో ఉండేది. పాతికేళ్లు హైదరాబాదులో సినిమాల్లో, సీరియళ్లలో మంత్రసానిగా, వంటమనిషిగా, ఎక్కువగా శవంగా నటించి వచ్చింది. తెరమీద పేరు పడింది తక్కువ. ఊపిరి బిగబట్టి, రెప్ప కదలకుండా పడుకోగలదని ఆమెనే పిలిచేవారు. మరాఠీ బడిలో చదివిన నాకు తెలుగులో బైబిలు వాక్యం చదవడం నేర్పింది ఆమే. "అక్షరాలు జదువకు బిడ్డా, ఎదురుంగున్నోల్ల మొఖం జూసి మాట్లాడు" అనేది.

ఆమె చెప్పిన ఒక ఆచారం మాత్రం నాకు నచ్చలేదు. శవం షాట్ అవగానే కెమెరా వైపు చూసి నవ్వాలట. ఆ నవ్వునూ తీస్తారట. లేకపోతే చావు ఒంటిని వదలదట. అప్పుడే ఆదివారం బడి పిల్లలకు బోధించడం మొదలుపెట్టిన నేను ఊరుకోలేకపోయాను.

"పునరుత్థానం నమ్మినోల్లం, గీ దిష్టి నవ్వు మనకెందుకత్తా?"

ఆమె "సరే పంతులమ్మా" అంది.

ఆ వేసవిలో ఒక సీరియల్ వాళ్లు చంద్రపూర్ దగ్గరి భద్రావతి ఫ్యాక్టరీ క్వార్టర్లలో షూటింగ్‌కు వచ్చారు. శవం వేషానికి కరుణమ్మను పిలిస్తే తోడుగా వెళ్లాను. ముక్కుల్లో దూది, నుదుట పన్నీరు. షాట్ అయింది. "అమ్మా, జెర నవ్వుండ్రి!" అని కెమెరా వెనకనుంచి కేకేశారు. ఆమె నా వైపు చూసి, నవ్వకుండా లేచి వచ్చేసింది. నేను గర్వపడ్డాను.

ఆ రోజు నుంచి ఆమెను చలి పట్టుకుంది. బయట తారు కరిగే ఎండ. ఆమె దుప్పటి కప్పుకొని కూర్చునేది. డాక్టరు జ్వరం లేదన్నాడు. చేయి ముట్టుకుంటే కుండలో నీళ్లలా ఉండేది. మాట్లాడుతూ మాట్లాడుతూ ఆగిపోయేది. రెప్ప పడేది కాదు, ఎద కదిలేది కాదు. ఒక మధ్యాహ్నం భయం పట్టలేక ఆమె ముక్కు దగ్గర వేలు పెట్టాను. ఊపిరి తగల్లేదు.

"షాట్ ఇంక అయిపోలే బిడ్డా," అంది, కళ్లు ఎటో ఉంచి.

మోకాళ్ల మీద పడ్డాను. "తప్పైంది అత్తా. ఇప్పుడన్న నవ్వు."

"ఇప్పుడు కెమెరా యాడుంది?" ఆ చల్లని చేయి నా తలమీద పెట్టింది. "నువ్వు నీ ధైర్యం జెప్పినవ్. నా భయం ఏందో అడగనే లేదు గద."

అప్పుడు అడిగాను. పొద్దుగూకే దాకా చెప్పింది. ఆమె భయం చావు గురించి కాదు. "గిన్నిసార్లు సచ్చినట్టు పండుకున్న. నిజంగ పోయిన నాడు ప్రభువు గూడ యాక్టింగే అనుకొని పిలువడేమో."

వానలు మొదలయ్యాక నిద్రలోనే వెళ్లిపోయింది. ప్రభువు పొరపాటు పడడని నా విశ్వాసం. ఆమె నవ్వి ఉంటే ఏమయ్యేదో మాత్రం ఇన్నేళ్ల ప్రార్థనలోనూ నాకు తెలియలేదు. ఈ రోజుకీ జబ్బుపడ్డవాళ్ల మంచం పక్కన కూర్చుంటే ముందు "ఏం భయమైతుంది?" అని అడుగుతాను. జవాబు వచ్చేదాకా నా ఒళ్లో వాక్యగ్రంథం మూసే ఉంటుంది.