పెంకుటింట్లో వన్స్ మోర్

బస్సు బయలుదేరడానికి ముందు రోజు సాయంత్రం ఫోను మోగింది. మా ఆయన స్నానానికి వెళ్ళారు. ఆయన స్నానానికి వెళితే ఏలూరు కాలవలో నీళ్ళు జానెడు తగ్గేదాకా బయటికి రారు కాబట్టి ఫోను నేనే తీశాను.

"ఏవండీ, కళాకారుల ఇళ్ళు చూపించే టూరు వాళ్ళేనాండీ?" అంది ఒక ఆడగొంతు.

"ఆయ్, వాళ్ళమేనండి."

"మేడమ్ గారూ, మీకు దణ్ణం పెడతానండి. రేపు మీ బస్సు మా ఇంటికి మాత్రం తీసుకురాకండి."

ఇక్కడ మా ఆయన గురించి చెప్పాలి. ఆయన హైస్కూల్లో డ్రాయింగు మాస్టారు. అందరు మాస్టార్లూ వేసవి సెలవుల్లో మామిడికాయలు కొంటారు, ఈయన ఆలోచనలు కొని తెస్తారు. ఈ ఏడాది తెచ్చిన ఆలోచన ఏమిటంటే, మన వైపు పుట్టి, పెరిగి, పేరు మోసిన కళాకారుల ఇళ్ళనీ, వాళ్ళు పనిచేసిన గదులనీ బస్సు వేసి లోకానికి చూపించాలని. కరపత్రాలు వేయించారు. జిల్లా టూరిజం ఆఫీసరు గారిని ఒప్పించి ముందు సీటు ఇచ్చారు. ఆ ఆఫీసరు గారు చూసి, నచ్చిన ఇంటికి వారసత్వ కట్టడమని నీలం బోర్డు పెట్టిస్తారు. బోర్డు పడ్డ ఇల్లు ఎలా ఉందో అలాగే ఉండాలి. అంగుళం కదపకూడదు.

ఫోనులో ఆవిడ భయమంతా ఆ అంగుళం గురించే. తాడేపల్లిగూడెంలో మిషన్ స్కూలు టీచరట. భర్త ఆకివీడు నుంచి చేపల లారీ తోలతాడు. ఒకప్పుడు నాటకాలాడే వాళ్ళంతా దణ్ణం పెట్టుకున్న హార్మోనిస్టు గారి పెంకుటిల్లు వీళ్ళు కొనుక్కున్నారు.

"హార్మోనియం ఆయన పట్టుకెళ్ళిపోయారండి, చెదలు మాకొదిలేశారు," అంది. "మా అత్తగారికి తుంటి ఎముక విరిగిందండి, మంచం దిగలేరు. వాన పడితే ఆవిణ్ణి మంచంతో సహా మోసుకుంటూ ఇల్లంతా తిరుగుతామండి, ఎక్కడ కారకపోతే అక్కడ దింపుతాం. ఈ ఏడు ఎలాగైనా శ్లాబు వేయించాలని ఇనుము తెచ్చి పడేశాం. మేస్త్రీ గారు వచ్చే వారం పెంకు దింపుతానన్నారు. ఈలోగా మీ ఆఫీసరు గారు బోర్డు కొట్టేస్తే, గోడకి మేకు కూడా కొట్టనివ్వరంట కదండీ?"

"అంతేనండి," అన్నాను.

"మరి మా అత్తగారో మేడమ్ గారూ?"

మా ఆయనతో మాట్లాడతానని చెప్పి ఫోను పెట్టేశాను. మా ఆయన తల తుడుచుకుంటూ వచ్చాక సంగతి చెప్పాను.

"కుదరదోయ్," అన్నారు. "ఆ ఇంటికి వెళ్ళకపోతే టూరే లేదు. మిగతా ఇళ్ళల్లో ఇల్లేదీ?"

ఆ మాటకి అర్థం మర్నాడు తెలిసింది.

మే నెల ఆఖరు. ఏలూరులో ఎండ ఎలా ఉందంటే, రోడ్డు మీద పడ్డ నీడ కూడా లేచి చెట్టుకింద కూర్చుంది. బస్సులో జనం బాగానే ఉన్నారు. ఆఫీసరు గారు సన్నగా, కొత్తగా, చలవ కళ్ళద్దాలతో ముందు కూర్చున్నారు. ఆయన పక్కన, యాత్రకి కళ రావాలని, పౌరాణిక నాటకాల్లో రాజు వేషాలు వేసిన ఒక పెద్దాయనని మా ఆయన తెచ్చి కూర్చోబెట్టారు. ఆయన గొంతు ఎలాంటిదంటే, వయసులో ఉండగా ఉంగుటూరులో రాగం ఎత్తుకుంటే తాడేపల్లిగూడెం స్టేషనులో రైలు సిగ్నల్ అనుకుని ఆగేదట. ఇప్పుడు వయసు మీద పడి గొంతు తగ్గింది. రైలు ఆగదు, కాస్త మెల్లగా వెళుతుంది.

మొదటి మజిలీ ఏలూరులోనే, సినిమా బ్యానర్లు రాసిన గొప్ప చిత్రకారుడి షెడ్డు. అది ఇప్పుడు మినరల్ వాటర్ ప్లాంటు. మా ఆయన నీళ్ళ క్యాన్ల గుట్టని చూపించి, "ఇక్కడేనండి! హీరో గారి ఎడమ కన్ను ఒక్కటీ ఈ గోడ నుంచి ఆ గోడ దాకా! రెప్ప కొడితే గాలొచ్చేది!" అన్నారు.

"షెడ్డేదండీ?" అన్నారు ఆఫీసరు గారు.

"ఇదివరకు ఇదేనండి."

పెద్దాయన ఆ చిత్రకారుణ్ణి తలుచుకుని ఒక పద్యం అందుకున్నారు. అయిపోగానే క్యాన్లు నింపుతున్నావిడ మోటారు కట్టేసి "వన్స్ మోర్!" అంది. అంతే, ఆయన మళ్ళీ మొదటి నుంచీ పాడారు. వేరే జిల్లా నుంచి వచ్చిన ఆఫీసరు గారు కంగారు పడ్డారు కానీ మాకది మామూలే. మా వైపు నాటకాల్లో వన్స్ మోర్ అంటే ఆజ్ఞ. యుద్ధంలో బాణం తగిలి చచ్చిన రాజు కూడా ఆ మాట వినపడితే లేచి, కిరీటం సర్దుకుని, పద్యం మళ్ళీ పాడి, మళ్ళీ చచ్చిపోవలసిందే. కాదంటే అది జనాన్ని అవమానించినట్టు.

రెండోది ఆకివీడు దాటాక, కొల్లేటి పక్క. మట్టిబొమ్మలకి ప్రాణం పోసిన కళాకారుడి ఇల్లు. బస్సు దిగి చూస్తే చేపల చెరువు. ఇటు గట్టు మీద నిలబడితే అటు గట్టు మీది వాళ్ళు రేపటి ఎండలో ఉన్నట్టు కనిపించారు, అంత చెరువు.

"ఆ నీళ్ళు చిమ్మే ఏరేటరు తిరుగుతోందే, అది వీధి వరండా అండీ," అన్నారు మా ఆయన ఏ మాత్రం తొణక్కుండా. "దాని వెనక కొంగ వాలిందే, అక్కడ బొమ్మలు ఆరబెట్టేవారు."

"ఇక్కడ బోర్డు పెట్టాలంటే గజ ఈతగాడు కావాలి మాస్టారూ," అన్నారు ఆఫీసరు గారు.

మా ఆయనకి మిగిలింది ఒక్క ఇల్లే. ఆ టీచరమ్మకి ఉన్నదీ ఆ ఒక్క ఇల్లే.

మధ్యాహ్నం కొర్రమేను పులుసుతో భోజనాలు చేసి, గణపవరం మీదుగా తాడేపల్లిగూడెం చేరాం. అక్కడి ఉల్లిపాయల మార్కెట్టు వాసన బస్సుకి ఎదురొచ్చి, సందు దాకా దారి చూపించింది. టీచరమ్మ గుమ్మంలో నిలబడి ఉంది. ఇష్టం లేని చుట్టాలొస్తే తలుపేసుకోవడం లోకంలో పద్ధతి. మా గోదావరి జిల్లాల్లో అలా కాదు. ఇష్టం లేని చుట్టానికి మజ్జిగలో ఇంకో నిమ్మకాయ పిండుతాం. ఆవిడ ఇత్తడి బిందెడు మజ్జిగ చేసి, అల్లం, కరివేపాకు దంచి వేసి, గ్లాసులు తోమి సిద్ధంగా ఉంది.

మజ్జిగ తాగించాక, "ఇది హార్మోనిస్టు గారి ఇల్లు కాదండి," అంది నెమ్మదిగా. "పక్కదండి." పక్కన ఉల్లిపాయల వర్తకుడి మూడంతస్తుల మేడ, పాలరాయీ, లిఫ్టూ.

లోపలి నుంచి ముసలి గొంతు లేచింది. "కాకపోవడమేంటే! తాళంచెవి ఆయనే కదే నా చేతిలో పెట్టింది! లోపలికి రమ్మను, పాపం ఎండన పడి వచ్చారు!"

మంచం మీద నుంచి అత్తగారు. టీచరమ్మ కళ్ళు మూసుకుని గుమ్మం వదిలింది.

మా ఆయన ఆ గదిలో కాలు పెట్టగానే ఆకారం పెరిగి దూలానికి తగిలారు. టేకు దూలాలు, గోడల్లో గూళ్ళు, నాటకాల వాళ్ళు ఆనుకుని ఆనుకుని నున్నగా చేసిన స్తంభాలు. "ఈ మూల హార్మోనియం. ఆ గుమ్మంలో కృష్ణుడి వేషగాడు. సందులో టిక్కెట్టు లేకుండా వినే జనం!" ఆఫీసరు గారు కళ్ళద్దాలు తీసేశారు. ఉదయం నుంచీ అదే మొదటిసారి.

"అద్భుతమండీ," అన్నారు. "దీన్ని ఇలాగే ఉంచాలి."

"కారుతుంది సార్," అంది టీచరమ్మ. "ధారగా కారుతుంది."

ఆయన తలెత్తి చూశారు. గోడలు చూశారు. "ఒక్క మరక లేదేవమ్మా?"

ఆవిడ నా వైపు చూసింది. నాకు అర్థమైంది. చుట్టాలొస్తున్నారని గోడలన్నిటికీ సున్నం కొట్టించింది మహాతల్లి! కారే చోట్ల పెట్టే గిన్నెలూ బకెట్లూ ఎక్కడో దాచేసింది. వాన మచ్చ ఒక్కటి కనపడితే ఇల్లు గెలిచేది. ఇంటికొచ్చిన వాళ్ళకి మరకలు చూపించడం మర్యాద కాదని తన సాక్ష్యం తనే చెరిపేసుకుంది. మా జిల్లా మనిషి తప్ప ఇంకెవరూ ఇలా ఓడిపోలేరు.

ఖాళీ గ్లాసు పెట్టే వంకతో దొడ్లోకి వెళ్ళాను. గిన్నెల గుట్ట, దాని పక్కన ఇనుప ఊచలు. తలెత్తితే కొల్లేరు వైపు నుంచి ఒక మబ్బు వస్తోంది. మబ్బు అనడం తక్కువ. సరస్సు మొత్తం కొంగలతో సహా లేచి, నిలబడి, నల్లచీర కట్టుకుని నడిచొస్తున్నట్టుంది. కానీ నడక నెమ్మది. లోపల మా ఆయన అప్పుడే "పదండి పదండి, బస్సెక్కండి" అంటున్నారు. ఆఫీసరు గారు బోర్డు ఏ స్తంభానికి బాగుంటుందో చూస్తున్నారు.

నేను పరుగున లోపలికొచ్చి, "బాబాయి గారూ, ఇంత గొప్ప గదిలో ఒక్క పద్యం పాడకుండా వెళతారా?" అన్నాను.

రాజు వేషాల పెద్దాయనకి అడగడమే ఆలస్యం. ఉత్తరీయం సర్దుకుని అందుకున్నారు. ఆ గదిలో నిజంగానే ఏదో ఉంది. ఉదయం ఆయాసపడిన గొంతు ఇక్కడ పెంకుల దాకా వెళ్ళి, అక్కడ కాసేపు కూర్చుని, చల్లబడి దిగింది. పద్యం అయ్యింది. అందరూ లేచారు.

"వన్స్ మోర్!" అన్నాను.

మా ఆయన గిరుక్కున తిరిగి చూశారు. పెళ్ళయిన నాటి నుంచీ నేను పద్యం సగంలో నిద్రపోకపోవడం ఆయన ఎరగరు. పెద్దాయన మళ్ళీ పాడారు. సందులో వాళ్ళు గుమ్మంలో చేరారు. అయిపోయింది.

"వన్స్ మోర్!"

"ఏమిటోయ్ నీకు?" అని గొణిగారు మా ఆయన.

"కళండీ. కళ ఆవహించింది."

మూడోసారికి ఉరిమింది. పెద్దాయన దాన్ని మృదంగం అనుకుని గొంతు పెంచారు. టీచరమ్మ ఉరుము విని నా వైపు చూసి, అన్నీ అర్థమై, తల దించుకుని నవ్వాపుకుంటోంది. నాలుగోసారి ఆయనకి దమ్ము అందడం లేదు, అయినా వన్స్ మోర్ అన్న వాళ్ళని కాదనడం ఆయన రక్తంలో లేదు. ఆలాపన లాగి, లాగి, పైకి తీసుకెళ్ళి వదిలారు.

దానితో పాటు ఆకాశమూ వదిలింది.

మొదటి చుక్క ఆఫీసరు గారి చేతిలోని కళ్ళద్దాల మీద పడింది. రెండోది మా ఆయన నెత్తి మీద. తరవాత లెక్క లేదు. పెంకుల సందుల్లోంచి తాళ్ళు వేలాడదీసినట్టు ధారలు. నిన్న కొట్టిన సున్నం పాలలా కారి, అందరి చెప్పుల్లోకీ వచ్చింది. సందులోంచి వచ్చిన జనం తడవకుండా ఉండాలని ఇంట్లోంచి బయటికి పరుగెత్తారు.

"మంచం! మంచం!" అంది టీచరమ్మ.

నలుగురం మంచం కోళ్ళు పట్టుకున్నాం. నేనొక పక్క, టీచరమ్మ ఒక పక్క, మా ఆయన, ఆఫీసరు గారు ముందు. ఉత్తరం మూలకి తీసుకెళితే అక్కడ ధార. తూర్పుకి తిప్పితే అక్కడ రెండు. పడుకున్నావిడ మాత్రం ఏ కంగారూ లేకుండా గొడుగు విప్పుకుని దారి చెబుతోంది. "అటొద్దు నాయనా, అక్కడ పోయినేడే పెంకు జారింది. కాస్త ఎడమకి. నువ్వు కొత్తగా పట్టావా? నడుం వంచకు, పట్టేస్తుంది."

ఆఫీసరు గారి చొక్కా వీపుకి అంటుకుపోయింది. "ప్రతి వానకీ ఇంతేనాండీ?"

"ఇవాళ నయం బాబూ," అంది ఆవిడ. "మోయడానికి మనుషులున్నారు."

ఆయన ఇంకో మూల దాకా మోశారు. అప్పుడు మా ఆయన వైపు తిరిగి, "మాస్టారూ, ఈ ఇంటికి బోర్డు నేను పెట్టలేను. వీళ్ళని శ్లాబు వేసుకోనివ్వండి," అన్నారు.

మా ఆయన తడిసిన మొహంతో గదినంతా ఒకసారి చూసుకున్నారు. ఆయన టూరులో ఉన్న ఒకే ఒక్క ఇల్లు. ఏం వాదిస్తారో అని నేను మంచం కోడు గట్టిగా పట్టుకున్నాను. "ఆ మూల కారదండీ," అన్నారు చివరికి. "హార్మోనియం అక్కడ పెట్టేవారు. చెక్క తడవకూడదు కదా, ఆయన అన్నీ చూసుకునే పెట్టి ఉంటారు."

మంచం అక్కడ దింపాం. చుక్క పడలేదు. అత్తగారు గొడుగు ముడిచింది.

టీచరమ్మ పైటచెంగుతో ఫోను తుడుచుకుని, వాన హోరులో వినపడాలని వీధి వీధంతా ఉలిక్కిపడేలా అరిచింది. "మేస్త్రీ గారూ! ఏవండీ, వినపడుతోందా? వచ్చే వారం కాదండీ, రేపొచ్చి పెంకు దింపేయండి! ఆఫీసరు గారే చెప్పారండి! ఆయ్, ఇక్కడే ఉన్నారండి, ఇప్పటిదాకా మా అత్తగారి మంచం మోశారు!"