తిట్లతో పెంచిన తీగ

మిర్యాలగూడలో ఓ మూతపడ్డ రైస్‌మిల్లు గోదాములో, పట్టపగలు పదకొండింటికి, ఇరవై మంది నిలబడి మొక్కల్ని తిడుతుంటే మొదటిసారి విన్న రోజు నాకు నవ్వాగలేదు. "మాడిపోయిన రొట్టె లెక్క ఉన్నవ్" అని ఒకరు. "నిన్ను మేకకేసినా ముట్టది" అని ఇంకొకరు. ఆ మాట అన్నది పెన్‌పహాడ్ నుంచి వచ్చే తాత. మేకల్ని కాసి కాసి ఆయన తిట్లు భలే పదును తేలాయి.

అది మా వెలుగుతీగల సంఘం, ప్రతి ఆదివారం కలుస్తాం. ఆ తీగకు తమలపాకంత ఆకులు, కణుపు కణుపుకూ బెల్లంపాకం రంగు వెలుగు. చీకట్లోనే కనపడుతుంది గనక గోదాము కిటికీలకు గోనెసంచులు కట్టి ఉంచుతాం. మొదలుకు బియ్యం కడిగిన నీళ్లు పొయ్యాలి, పాత నూలు చీర ముక్కతో ఆకులు తుడవాలి, తుడుస్తూ తిట్టాలి. మెచ్చుకున్నామో, దిష్టి తగిలి అక్కడికక్కడే ఆరిపోతుంది. అందుకే మా సంఘంలో మనుషుల్ని కూడా ఎవరూ మెచ్చుకోరు. బాగా పనిచేసేవాళ్లకు బాగా తిట్లు పడతాయి.

నాకేమో నోరాగదు. నేను సూర్యాపేటలో జాకెట్లు కుడతాను. జాకెట్టు ఒంటికి చక్కగా కుదిరిందంటే, వేసుకున్నామె కంటే ముందు నేనే చప్పట్లు కొడతాను. అలాంటిదాన్ని ఆ గోదాములో నాలుగు నెలలు పళ్లు బిగబట్టుకుని ఉన్నాను. ఎందుకంటే పొద్దంతా మిషను ముందు ఒక్కదాన్నే కూర్చునే నాకు ఆ ఆదివారాలే పండగ. ఆ వెలుగు చూస్తే చిన్నపిల్లలా గంతులెయ్యాలనిపించేది.

వానాకాలంలో ఓ ఆదివారం, గోడంతా పాకిన తల్లితీగ కొత్త చిగురేసింది. చిగురుతో పాటు ఈ చివర నుంచి ఆ చివరిదాకా ఒక్కసారిగా వెలిగింది. నేను ఆగలేకపోయాను.

"అబ్బబ్బ, ఎంత బాగున్నవే నా బంగారుతల్లీ!"

నా ముందున్న కణుపు ఆరింది. తర్వాత దాని పక్కది. అలా ఒక్కొక్కటే గోడ చివరిదాకా ఆరిపోతుంటే ఇరవై మందీ చూస్తూ నిలబడ్డారు. ఎవరో వెళ్లి కిటికీ మీది గోనెసంచి ఎత్తారు.

సంఘానికి పెద్ద కోదాడ పెద్దమ్మ. ఆమె నన్ను తిడుతుందనుకుని తల వంచుకున్నాను. ఆమె నా భుజం మీద చెయ్యి వేసి, "ఫర్వాలేదమ్మా, మీరు చాలా మంచివారు. జాకెట్లు చక్కగా కుడతారంట కదా, ఆ పని చూసుకోండి" అంది. చుట్టూ అందరి మొహాలూ మాడిపోయాయి. మా సంఘంలో మంచిమాట అన్నారంటే ఇక రావద్దని.

తాతే అడ్డం పడ్డాడు. "నీకు తెలివున్నదా ముసల్దానా? ఒక్క కొమ్మ ఇచ్చి సూడు, ఏం పోతది?"

పెద్దమ్మ ఆరిన తీగ నుంచి ఓ కొమ్మ తుంచి ఇచ్చింది. నెలలో వెలిగితే కోదాడకు తెచ్చి చూపించాలి. వెలగకపోతే ఇక గోదాము గడప తొక్కకూడదు.

కుండీలో నాటి, మిషను పక్కన గంప బోర్లించి దాచాను. పొద్దున్నా సాయంత్రం తిట్టాను. తిట్టి, తిట్టినందుకు నవ్వొచ్చి, నవ్వినందుకు భయపడ్డాను. నావి ఉత్త తిట్లని దానికి తెలుస్తోంది.

"ఎవర్ని తిడుతున్నవ్?" అన్నాడు మా ఆయన.

"చెట్టును."

"నన్ను గాదు గదా" అని ఆయన చాయ్ తాగడానికి పోయాడు.

ఇంకో రెండు రోజులే ఉన్నాయనగా పెళ్లి జాకెట్టొకటి ఇస్త్రీ కింద కాలింది. ఆ కంగారులో గంప ఎత్తి చూస్తే రెండాకులు పండి రాలి ఉన్నాయి. నా ఒళ్లు మండిపోయింది.

"ఓసి మొండిదానా! నీ కోసం పూటపూటకూ బియ్యం కడిగితిని గదే! పండుకునేటప్పుడు గూడ నీ సోయే గదనే నాకు! గిట్ల ఎండిపోతవా? నన్ను ఆగం చేస్తవా?"

గంప ధడేల్న బోర్లించి, గోడకు చేరగిలబడి ఏడ్చాను. ఏడుస్తుండగానే చీకటి పడింది. నా చీర మీద సన్నటి వెలుగు చారలు కనిపించాయి. గంప అల్లిక సందుల్లోంచి వస్తున్నాయి! గొంతుదాకా వచ్చిన కేకను కొంగు కుక్కుకుని ఆపాను. నోట్లో కొంగుతోనే గదంతా గంతులేశాను.

మర్నాడు పొద్దున్నే కోదాడ బస్సెక్కాను. ఒళ్లో కుండీ, మీద గంప. పక్క సీటామె గంప కొంచెం ఎత్తి తొంగిచూసి, "అక్కా, ఎంత ముద్దు..." అంటుండగానే ఆమె నోరు మూసేశాను.

"దండం పెడత చెల్లె, దీన్ని తిట్టు!"

ఆమె బిత్తరపోయి, "దరిద్రపుది" అంది మెల్లగా. తర్వాత రుచి మరిగి కోదాడ వచ్చేదాకా ఆపలేదు. నడుమ వాళ్ల ఆడబిడ్డను కూడా కలిపింది.

పెద్దమ్మ ఇంట్లో తలుపులన్నీ వేసి గంప తీశాను. చిన్న తీగ, మూడే కణుపులు, మూడూ వెలుగుతున్నాయి. ఆమె మంచం మీద నుంచి వంగి చాలాసేపు చూసింది. బాగుందమ్మా అని ఒక్క మాట అంటే చాలు, నా పని ఖతం.

"దీని మొహం మండ, పుల్లలాగా ఉంది" అంది తీగను. తర్వాత నా వైపు తిరిగింది. "నీకసలు బుద్ధుందా? ఆకుల మీద అంత దుమ్మేంటి? బస్సులో కునుకు తీశావా? ఎవరు కన్నారే నిన్ను, దిక్కుమాలినదానా! నిలబడి చూస్తావేంటి, పోయి బియ్యం కడుగు!"

వెక్కి వెక్కి ఏడుస్తూ వంటింట్లోకి పరుగెత్తాను. వెనక నుంచి ఆమె ఇంకా తిడుతూనే ఉంది. ఒక్క ముక్కయినా పోకుండా వినాలని చప్పుడు చెయ్యకుండా బియ్యం కడిగాను.