బయస్కోపులో ఏసోబు

చెన్నపట్నం రేవు దగ్గర ఒక గోదాము తగలబడి కూలీలు కొందరు చనిపోయారన్న కబురు మా అర్ధవీడుకు చేరినప్పటి నుంచి మా చిన్నమ్మ శాంతమ్మ మనిషి మనిషిగా లేదు. ఆమె కొడుకు ఏసోబు ఆ రేవులోనే మూటలు మోస్తున్నాడు. ఇంతలో గిద్దలూరు నుంచి వచ్చిన, ఏసోబును ఎరిగిన గొర్రెల వ్యాపారి ఒకాయన, అక్కడ గుడారంలో ఆడే బయస్కోపు తెర మీద మావాణ్ణి చూశానన్నాడు. మరునాడే చిన్నమ్మను తీసుకుని బయలుదేరాను.

తెల్లవారుజామున ఎద్దులబండెక్కి మధ్యాహ్నానికి కంభం చేరాం. స్టేషన్ బయట సద్ది తిని, గిద్దలూరుకు మూడో తరగతి టిక్కెట్లు తీసుకున్నాను. రైలుపెట్టెలో ఎదురుగా కూర్చున్న ముసలాయన మా సంగతి విని, "ఆ బొమ్మ ఎప్పుడు తీసినారో ఏమో నాయనా. మంటలకు ముందరిదైతే?" అన్నాడు. నా భయమూ అదే. చిన్నమ్మ కిటికీలోంచి నల్లమల కొండల వైపు చూస్తోంది.

గిద్దలూరులో దిగి నేరుగా గుడారానికి వెళ్ళాం. సాయంత్రం ఆటకు నేల టిక్కెట్టే దొరికింది. మొదట వార్తల బొమ్మలు. వాటికి మాటలు లేవు. తెర పక్కన ఒకతను బెత్తంతో చూపిస్తూ గట్టిగా చెబుతున్నాడు. ట్రాము వెనక పరుగెత్తే గుమాస్తాలు, చేపలమ్మే ఆడవాళ్ళు, పళ్ళు తోముకుంటూ కెమెరాను చూసి సిగ్గుపడిన ఒక పెద్దాయన. తరువాత రేవు. మూటలు మోసేవాళ్ళ వరసలో ఏసోబు! నెత్తిన సంచితో దగ్గరకు వచ్చి, మావైపు చూసి నవ్వి దాటిపోయాడు.

"రేయ్ ఏసోబూ!" చిన్నమ్మ లేచి నిలబడి కేకేసింది.

"కూచోమ్మా, మాకు కనపడల్యా!" అని వెనకవాళ్ళు అరిచారు.

ఆ గోలలో బెత్తం మనిషి ఏం చెప్పాడో వినిపించలేదు. ఆట అయ్యాక అతని దగ్గరకే వెళ్ళి, ఆ రేవు బొమ్మ ఎప్పుడు తీశారని అడిగాను.

"మంటలు ఆరినాకనే తీసినారన్నా. కాలిన గోదాము చూపించేదానికే గదా తీసింది. ఆ పిల్లోని వెనకాల మాడిన గోడలు చూడల్యా?"

మా అవస్థ చూసి ఆ ముక్క మళ్ళీ ఆడించారు. నల్లటి గోడలు, కప్పులేని గోదాము. వాటి ముందు నుంచి ఏసోబు ఇంకోసారి నవ్వుతూ నడిచి వచ్చాడు. చిన్నమ్మ కొంగుతో మొహం కప్పుకుని ప్రార్థన చేసుకుంది.

ఆ గుడారం ఇంకా కొన్నాళ్ళుంటుందట. పట్నంలో తమవాళ్ళున్నవారు వెళ్ళి చూడవచ్చు.

మర్నాడు పొద్దున తిరుగు రైల్లో చిన్నమ్మ పక్కావిడతో అంటోంది: "నవ్వుతాండాడు గానీ సగమైపోయినాడమ్మా. ఆ జుట్టేంది, ఆ చొక్కా ఏంది! రానీ, వాని సంగతి చెప్తా."

కంభం వచ్చేదాకా కొడుకును తిడుతూనే ఉంది. ఒక్క మాటా వదలకుండా విన్నాను.