మూడు దెబ్బల గంట

దయ్యాలంటే నాకు నవ్వొచ్చేది. పుట్టింట్లో మా పెద్దమ్మకు పూనకం వస్తే నెత్తిన చెంబెడు చన్నీళ్లు కుమ్మరించిన దాన్ని నేను. చదివింది నాలుగో తరగతే, అదీ మరాఠీ బడిలో. తెలుగు అక్షరాలు మా నాన్న నేర్పాడు. రాతలో తప్పులుంటాయేమో కానీ, చూసిందీ విన్నదీ మరిచిపోయే అలవాటు నాకు లేదు.

మహారాష్ట్రలో చంద్రాపూర్ నుంచి బల్లార్‌పూర్ వెళ్లే దారిలో, మా ఊరి శివారున, మా ఇళ్ల ఎదురుగా ఒక చిన్న స్టేషన్ ఉండేది. ఒక గది, ఒక సిమెంటు బల్ల, అంతే. గది చూరుకు ఒక కొక్కెం, దానికి గొలుసుతో వేలాడే మూరెడు రైలు పట్టా ముక్క. అదే గంట. నేను కాపురానికి వచ్చేనాటికే దెబ్బలు తిని తిని దాని ఒక అంచు నున్నగా మెరిసేది. పొద్దున ఒక ప్యాసింజరు, సాయంత్రం ఒకటి. మా మగవాళ్లు మిల్లుకు పోయిందీ, నేను పురుళ్లకు పోయిందీ, చంటిపిల్లలతో తిరిగొచ్చిందీ ఆ బండిలోనే.

ఇళ్లు పట్టాలకు ఇవతల, ప్లాట్‌ఫారం అవతల. పైన వంతెన లేదు. అందుకని మాకొక పద్ధతి ఉండేది. బండి వెనకటి స్టేషన్ వదలగానే పోర్టరు ఆగి ఆగి మూడు దెబ్బలు కొట్టేవాడు. ఇంకా టైముంది, దాటి రమ్మని దాని అర్థం. బండి కనబడ్డాక గబగబా కొట్టేవాడు. అప్పుడు ఎక్కడివాళ్లు అక్కడ ఆగాలి. కొత్తవాళ్లు గంట వినగానే నిలబడిపోయేవారు. మేం గంట వింటేనే కదిలేవాళ్లం. మనసు ఎక్కడున్నా, మూడో దెబ్బకు కాలు దానంతటదే పట్టాల మీదికి పోయేది.

తొంభైలలో అంతా మారింది. కొత్త ఫ్యాక్టరీలు వచ్చాయి, ఇళ్లలో కలర్ టీవీలు వచ్చాయి. బొగ్గు బండ్లు పెరిగాయి, కరెంటు ఇంజన్లు వచ్చాయి. మా ప్యాసింజరు ఆగడం మానేసింది. గదికి తాళం పడింది. ఒకరోజు నలుగురు మనుషులు వచ్చి, పట్టా ముక్కను గొలుసుతో సహా విప్పి, ట్రాలీ మీద వేసుకుని పోయారు. నా కళ్లతో చూశాను. చూరుకు కొక్కెం మాత్రం మిగిలింది.

ఆ మరుసటేడు పత్తి ఏరే రోజులు. పొద్దు బాగా ఎక్కాక ముగ్గురం బయలుదేరాం. నేను, ముప్పై ఏళ్లుగా పక్కింట్లో ఉండే నర్సవ్వ, రెండు నెలల కింద మంచిర్యాల నుంచి వచ్చిన మా కొత్త కోడలు సునీత. చేను పట్టాలకు అవతల.

“ఏందే సునీతా, గట్ల నడుస్తున్నవ్? పత్తికి పోతున్నవా, పెండ్లి పీటల మీదికి పోతున్నవా?” అంది నర్సవ్వ.

“నువ్వే ఉరుకుతున్నవ్ నర్సవ్వత్తా. పత్తి ఏమన్న పారిపోతదా?”

“అబ్బో, మీ అత్త నోరు నీకు గప్పుడే వచ్చింది పో!”

నవ్వుకుంటూనే పట్టాల దగ్గరికి చేరాం. అప్పుడు వినిపించింది. ఠంగ్. కాసేపు ఆగి, ఠంగ్. మళ్లీ ఆగి, ఠంగ్.

నర్సవ్వ మాట ఆపింది. “నడువుండ్రి, ఇంక టైమున్నది” అంది. నాకూ అందులో వింతేమీ తోచలేదు. గంట ఎక్కడిదన్న ఆలోచనే రాలేదు. ఒక కాలు కంకర మీద పెట్టేశాను.

కోడలు నా కొంగు పట్టి వెనక్కి గుంజింది. వెల్లకిలా పడ్డాను. అక్కడ బొగ్గు గని వాళ్లు తవ్విపోసిన మట్టి గుట్ట అడ్డం, ఆపైన మలుపు. బొగ్గు బండి మీద పడేదాకా చప్పుడే తెలియలేదు. నర్సవ్వ పట్టాల నడుమ ఉంది. బండి వైపు తల తిప్పలేదు. ఎవరో పిలిస్తే చూసినట్టు, తాళం వేసిన ఆ గది వైపే చూస్తోంది.

మిగతాది రాయలేను.

బండి డబ్బాలన్నీ దాటిపోయాక చూరు వైపు చూశాను. కొక్కెం ఊగుతోందని చెప్పను, అబద్ధమెందుకు. కదలకుండానే ఉంది.

“గంట విన్లేదా?” అని కోడలిని అడిగాను.

“ఏం గంట అత్తమ్మా? మీరిద్దరు ఒక్కసారే మాట బంద్ చేసిండ్రు. ఇద్దరి మొఖాలు ఒక్క తీర్గ అయినయ్. నాకు భయమై గుంజిన.”

పోలీసులు వచ్చారు. గంట సంగతి చెప్పాను. జమాదారు చూరు వైపు చూసి, “గంట ఎక్కడుంది బాయీ?” అని మరాఠీలో అడిగాడు. ఏం చూపించను? ముసలామెకు చెవుడు, బండి వస్తున్నది వినలేదు అని పంచనామాలో రాసుకున్నాడు. సంతకం పెట్టమంటే పెట్టాను.

ఆ గంట ఎవరు కొట్టారో, మా ఇద్దరికే ఎందుకు వినబడిందో, ఇన్నేళ్లయినా నాకు అంతు చిక్కలేదు. నేను సంతకం పెట్టిన మాట మాత్రం తప్పు. నర్సవ్వ చెవిటిది కాదు. విన్నది కాబట్టే దాటింది.