మడమలు తీసే లింబాద్రి

టైల్స్ వేసే లింబాద్రికి రోజంతా నేలకు కన్నానించి మట్టం చూడటమే పని. శుక్రవారం సెలవైనా ఆ అలవాటు పోదు. సౌదీలోని హఫర్ అల్ బాతిన్ లేబర్ క్యాంపు వెనక జపాన్ ఇంజనీరు ఇసుకలో తాడు గుండ్రంగా పరిచి సుమో కుస్తీ ఆడిస్తుంటే, లింబాద్రి బోర్లా పడుకుని కాళ్లను మాత్రమే ఫోన్లో తీస్తాడు. "మొఖాలు తియ్యవారా?" అని రూమ్మేటు భోజన్న ఎక్కిరిస్తే, "తాడు దాటినోడే గదనే ఓడేది! దాటేది కాళ్లే," అంటాడు.

మొన్న ఇంజనీరూ పాకిస్తానీ డ్రైవరూ ఒకరినొకరు పట్టుకుని ఒకేసారి తాడు బయట పడ్డారు. ఎవరు గెలిచారని క్యాంపంతా ఒకటే లొల్లి. లింబాద్రి నింపాదిగా వీడియో పెట్టాడు. ముందు దాటింది ఇంజనీరు మడమే! ఈలలతో క్యాంపు దద్దరిల్లింది. ఇంజనీరు డ్రైవరుకు వంగి నమస్కరించి, లింబాద్రి ముందు ఇంకా కిందికి వంగాడు. అదంతా భోజన్న తన ఫోన్లో తీశాడు. అందులో లింబాద్రి మొఖమే నిండుగా ఉంది, ముక్కు మీది ఇసుకతో సహా.